గీతల్లేని వేలు

రేషన్ డిపోలో మిషను నా బొటనవేలిని తీసుకోదు. కొత్త సంగతి కాదు. పలాస జీడి ఫ్యాక్టరీల్లో ఇరవయ్యేళ్లు చేసినవాళ్లలో చాలామంది వేళ్లను అది తీసుకోదు. ఉడికిన జీడిపిక్కను కత్తికింద పెట్టి రెండు చెక్కలు చేసేటప్పుడు పెంకులోంచి నల్లటి జిడ్డు కారుతుంది. బూడిద రాసుకున్నా ఆగదు, ఆముదం రాసుకున్నా ఆగదు. చర్మం కాలి, పొర లేచి, కొత్తది వచ్చి, అదీ కాలి, చివరికి పుట్టినప్పుడు దేవుడు గీసిన గీతల్లో ఒక్కటీ మిగలదు.

ఆ శుక్రవారం డీలరు జానకిరామ్ మిషను నా ముందుకు తోసి, ఎప్పటిలాగే మొదలెట్టాడు.

"ఏటి అప్పన్న మావా, ఏలు అట్టుకొచ్చావా, ఇంటికాడ ఒగ్గీసి వచ్చావా?"

వరుసలో ఉన్న ఆడాళ్లు నవ్వారు. వేలు పెట్టాను. ఎర్ర దీపం. లుంగీకి తుడిచి మళ్లీ పెట్టాను. మళ్లీ ఎర్ర దీపం.

"నువ్వు దొంగతనానికి ఎల్తే పోలీసోలు సచ్చినా అట్టుకోలేరు మావా. ఏలిముద్దర దొరికితే గదా!"

"అట్టుకోడానికి నా మొగం సాల్దేటి? కంటి మిషను తియ్యి. డూటీకి టైమవతంది నాకు."

కన్ను చూపించి బియ్యం తెచ్చుకున్నాను. ఆ మాట అప్పుడు నాకేమీ అనిపించలేదు. ఇంటికొచ్చి సంచి దించాక, ఫోనులో ఇందుమతి మేడం పంపిన మాటల రికార్డు ఉంది. అది విన్నాక జానకిరామ్ జోకు గుర్తొచ్చింది. అరుగు మీద కూలబడ్డాను.

ఆవిడ హైదరాబాదు మనిషి. బొమ్మలు వేసేవాళ్లలోంచి కొందరిని ఏరి, వాళ్ల బొమ్మలతో ప్రదర్శన పెట్టి, ఆ బొమ్మల గురించి పుస్తకాల్లో రాస్తుంది. అలాంటి వాళ్లని క్యూరేటర్ అంటారని నా తమ్ముడు త్రినాథ్ చెప్పాడు. ఈ కాలం బొమ్మల మీద పెద్ద పుస్తకం ఒకటి వస్తోంది. అందులో ఒక అధ్యాయం మా వాడి గురించి. అది ఆవిడే రాసింది.

త్రినాథ్ చనిపోయి రెండేళ్లు. వజ్రపుకొత్తూరు చుట్టుపక్కల ఊళ్లలో మనుషులు దేనితో పోతున్నారో వాడూ దానితోనే పోయాడు. వారానికి మూడుసార్లు పలాస తీసుకెళ్లి డయాలసిస్ మిషను పక్కన పడుకోబెట్టేవాణ్ణి. ఆ మిషనైనా మమ్మల్ని తీసుకునేది.

వాడు విశాఖపట్నంలో బొమ్మల చదువు చదివాడు. జబ్బు పడి ఇంటికొచ్చాక మా వీధిలో కిడ్నీలు పోయిన మనుషులున్న ఇళ్లను ఒక్కొక్కటే గీయడం మొదలెట్టాడు. గీయడం అంటే కుంచెతో కాదు. ఫ్యాక్టరీ బాయిలరు గొట్టంలోంచి జీడిపెంకు మసి నేనే సంచిలో తెచ్చిచ్చేవాణ్ణి. దాన్ని తుమ్మజిగురు నీళ్లలో కలిపి, బొటనవేలు ముంచి, కాగితం మీద అద్దేవాడు. గోడలో ప్రతి ఇటుకా ఒక వేలిముద్ర. కప్పు మీద ప్రతి పెంకూ ఒక వేలిముద్ర. అలా తొమ్మిది ఇళ్లు. పదోది మా ఇల్లు. "ఉంటే గీత్తానన్నియ్యా" అనేవాడు. గీయలేదు.

దినకార్యం అయ్యాక పలకరింపుకి వచ్చిన ఇందుమతి మేడం, వాడి ఫోటో ముందు కాసేపు నిలబడి, వెళ్లబోతూ అడిగింది.

"పదో ఇల్లు వేశాడా అప్పన్నగారూ? పదీ ఉంటే పుస్తకంలో అతనికి ఒక అధ్యాయం ఇవ్వగలను. లేకపోతే అసంపూర్తి పని అని ఒక పేరా రాసి వదిలేయాల్సి వస్తుంది."

ఒక పేరా. ఇరవై తొమ్మిదేళ్ల మనిషి.

"ఏసాడండి" అన్నాను. "పెట్టెలో ఉంది. ఎతకాల."

వారం రోజుల్లో మళ్లీ వస్తానంది. ఆ వారంలో ఒక మధ్యాహ్నం, అమ్మ తోటలో పిక్కలు ఏరడానికి వెళ్లినప్పుడు, తలుపు గడియ పెట్టి పదో ఇల్లు నేనే వేశాను. వాడు వేస్తుంటే నెలల తరబడి పక్కన కూర్చుని చూసినవాణ్ణి. మసి ఎంత, జిగురు ఎంత, ఎంత గట్టిగా అద్దాలి, అన్నీ నాకు తెలుసు. ఒక్కటి తప్ప. నా వేలు వాడి వేలు కాదన్న సంగతి నాకు తట్టనే లేదు. వాడి వేలు పడితే కాగితం మీద నీళ్లలో సుడిలాగ గీతలు పడతాయి. నా వేలు పడితే ఉత్త మచ్చ పడుతుంది. ఏళ్ల తరబడి ప్రతి మిషనూ ఎర్ర దీపం వెలిగించి చెప్తున్నా, ఆ రోజు నాకు తట్టలేదు. మేడం వచ్చి పదింటికీ ఫోటోలు తీసుకుని వెళ్లింది.

ఆవిడ ఫోనులో చదివి పంపినది ఇది:

"మొదటి తొమ్మిది ఇళ్లలో ప్రతి ముద్రకూ గీతలున్నాయి. అవి ఎవరి వేలివో చెప్పగలిగే గీతలు. పదో ఇంటికి వచ్చేసరికి గీతలు లేవు. చావు దగ్గరికొచ్చిన మనిషి, సొంత ఇంటిని కడుతూ, తన గుర్తును తానే చెరిపేసుకున్నాడు. ఈ పుస్తకంలోని చిత్రాలన్నిటిలో ఇంత ధైర్యంగా వేసినది నాకు మరొకటి కనిపించలేదు."

ఆ తర్వాత మామూలు గొంతుతో, "ఆదివారం వస్తున్నానండీ. ప్రూఫులు చూపిస్తాను. చిత్రాలు అచ్చు వేయడానికి అమ్మగారి అనుమతి కావాలి, ఆవిడే కదా వారసురాలు. మంగళవారం ప్రెస్సుకి వెళ్లిపోతుంది."

నాలుగుసార్లు విన్నాను. హైదరాబాదులో అంత చదువుకున్నావిడకి అర్థం కానిది పలాసలో పిక్కలు కొట్టే ఏ ఆడమనిషికైనా ఒక్క చూపులో అర్థమవుతుంది. ఆ పుస్తకం ఎవడో ఒకడు ఇక్కడికి తెస్తాడు. జానకిరామ్ చూస్తాడు. "ఇది ఫేక్టరీ ఏలు గదా" అంటాడు. ఒక్క బొమ్మ దొంగదని తేలితే మిగతా తొమ్మిదీ ఎవడు వేశాడో అంటారు. తమ్ముడికి పేరు తెద్దామని పోయి, ఉన్న పేరుకి మసి పూసినవాణ్ణవుతాను. వాడు లేచొచ్చి చెప్పుకోలేడు.

అంతకన్నా పెద్ద భయం అమ్మ. అమ్మ వేళ్లకీ గీతల్లేవు. నాకంటే ముందు పద్దెనిమిదేళ్లు ఆవిడ కాల్చిన పిక్కలు చెక్క సుత్తితో కొట్టింది. సంతకం రాదు. అనుమతి కాగితం మీద ఆవిడ వేలు అద్దితే ఏం పడుతుందో నాకు తెలుసు. గీతల్లేని ఆ మచ్చ పక్కనే మేడం కాగితాల్లో గీతల్లేని బొమ్మ ఉంటుంది.

సాయంత్రం అమ్మతో అన్నాను, "రేపు కంచిలి ఎల్లి పిన్ని ఇంటికాడ నాల్రోజులుండి రా. మంచం మీదుందట."

"నిన్ననే గదరా ఫోనులో మాటాడింది? పీతలకూర వండుకున్నానంది. మంచం మీద కూకుని వండిందేటి?"

"ఊరికే ఎల్లి రామ్మా."

"ఆదోరం ఆ అమ్మ నా సిన్నోడి పుస్తకం అట్టుకొత్తంటే నాను కంచిలి ఎల్లాలా? మతి గాని పోయిందేట్రా?"

శనివారం డ్యూటీ మానేశాను. పలక, బలపం కొని తెచ్చి అమ్మ ముందు పెట్టాను. ఆవిడ పేరు బొడ్డమ్మ. మూడే అక్షరాలు. ఒక్క రోజులో రావా అనుకున్నాను.

"డెబ్బయ్యేళ్లకి బళ్లో ఏత్తన్నావేట్రా నన్ను?"

"ఏలిముద్ర ఏత్తే ఆలు సులకనగా సూత్తారమ్మా. సంతకం పెడితే మర్యాద."

"ఎవల మర్యాద? నీదా, నాదా?"

అయినా కూర్చుంది. బలపం పట్టుకునేసరికి వేళ్లు వంకర తిరిగాయి. మధ్యాహ్నానికి 'బొ' వచ్చింది. 'డ్డ' దగ్గర ఆగిపోయింది. ఎన్నిసార్లు రాసినా తోక తెగిన తేలులాగ వచ్చింది. గట్టిగా అరిచాను. అమ్మ పలక పక్కన పెట్టి నా మొహం చూసింది.

"ఏటి దాత్తన్నావురా అప్పన్నా?"

"ఏటీ లేదు."

"సిన్నప్పుడు బడి మానీసి వచ్చిన రోజూ ఇదే మొగం నీది."

లేచి వెళ్లిపోయాను. ఏడో తరగతిలో మానేశాను. నాన్న పోయాడు, ఇద్దరిలో ఒకడే చదవగలడు అన్నారు. చిన్నవాడు చదివాడు. వాడికి పదిహేనేళ్లప్పుడు సెలవుల్లో సరదాగా ఫ్యాక్టరీ గేటు దాకా వస్తే, అమ్మ చెప్పు తీసుకుని అందరి ముందూ కొట్టి ఇంటికి తరిమింది. ఆ తర్వాత ఊళ్లో ఎవరు కనిపించినా ఒకటే మాట: "నా సిన్నోడి ఏళ్లకి జీడి అంటనేదు." ఆ మాట అన్నప్పుడల్లా పెద్దవాణ్ణి నేను పక్కనే ఉండేవాణ్ణి. నా వేళ్ల గురించి ఎవరూ ఏమీ అనలేదు. అనాలని నేనూ అనుకోలేదు, అనుకున్నా లాభం లేదు కనుక.

ఆదివారం పదకొండుకి కారు వచ్చింది. ఇందుమతి మేడం చెప్పులు గుమ్మం బయట విడిచి, అమ్మ పక్కనే మంచం మీద కూర్చుంది. టీ తాగింది. ఇచ్చిన జీడిపప్పు తింది. నేను గోడకి ఆనుకుని నిలబడ్డాను.

ఆవిడ ప్రూఫు కాగితాలు తీసింది. ఎడమవైపు తెలుగు, కుడివైపు ఇంగ్లీషు. పైన మా వాడి పేరు. అమ్మ ఆ పేరు మీద చెయ్యి పెట్టి తీయలేదు.

"ఇది త్రినాథ్ అనేనా?"

"అవునమ్మా."

"ఎంత పెద్దగా ఏసారో!"

తర్వాత మేడం రెండు పెద్ద ఫోటోలు మంచం మీద పరిచింది. ఒక్కో వేలిముద్రను అరచేతి అంత పెంచి తీయించింది. ఒకటి తొమ్మిదో ఇంట్లోది. సుడులు సుడులుగా గీతలు. రెండోది పదో ఇంట్లోది. నున్నటి నల్లటి మచ్చ. దాని మధ్యలో అడ్డంగా సన్నటి తెల్ల గీటు. ఆ గీటు నా వేలి మీద కత్తిమిషను కోసిన మచ్చ. అంత పెద్దగా చూసేదాకా అది బొమ్మలో పడిందని నేనే ఎరగను.

"ఈ రెండూ ఎదురెదురు పేజీల్లో వస్తాయి" అంది మేడం. "ఈ తెల్ల గీటు చూశారా? చీకట్లో తలుపు సందులా లేదూ?"

నేను చెయ్యి లుంగీ వెనక దాచుకున్నాను. అమ్మ ఆ ఫోటో మీదకి వంగింది. చాలాసేపు చూసింది. ఆ గాయానికి కట్టు కట్టింది ఆవిడే. తల ఎత్తి నా వైపు చూడలేదు.

"అనుమతి కాగితం మీద నాను సంతకం పెట్టీనా మేడం?" అన్నాను.

"వారసురాలు అమ్మగారండీ. ఆవిడే పెట్టాలి. వేలిముద్ర అయినా ఫరవాలేదు, ప్యాడు తెచ్చాను."

అమ్మ పెన్ను అడిగింది. 'బొ' రాసింది. ఆగింది. నా వైపు చూసి నవ్వి, పెన్ను పక్కన పెట్టేసింది.

"ఇంతే వచ్చిందమ్మా. పేడు ఇలా ఇయ్యి."

వేలు అద్దింది. నల్లటి మచ్చ. మేడం కాగితం దగ్గరికి తీసుకుని చూసి, "సిరా ఎక్కువైనట్టుంది, మళ్లీ ఒకసారి, మెల్లగా" అంది. అమ్మ మెల్లగా అద్దింది. మళ్లీ మచ్చ. మూడోసారి. మూడూ వరసగా, మా పదో ఇంటి గోడలో మూడు ఇటుకల్లాగ.

మేడం కాగితం కేసి చూసింది. ఫోటో కేసి చూసింది. మళ్లీ కాగితం కేసి. బయట ఎవరిదో ఆటో కొబ్బరికాయల లోడుతో వెళ్లింది. ఆ చప్పుడు పోయాక కూడా ఆవిడ తల ఎత్తలేదు.

"అమ్మా" అంది చివరికి. "మీ వేళ్లకి గీతలు లేవేంటి?"

"జీడి తినీసింది."

"ఫ్యాక్టరీలో చేసినవాళ్లందరికీ ఇంతేనా?"

"ఎక్కువమందికి ఇంతే."

మేడం మొహంలో రంగు పోయింది. అప్పుడు చూశాను, నా మొహం మీద ఉన్నదే ఆవిడ మొహం మీదా ఉంది. ఆ పేరాకి ఆవిడ పేరు ఉంది. ఎంతమంది పెద్దవాళ్లు చదువుతారో, ఎవరు వేలెత్తి చూపిస్తారో. చదువుకున్నవాళ్లకి కూడా ఇంత భయం ఉంటుందని నాకు తెలీదు.

"త్రినాథ్" అంది ఆవిడ, చాలా మెల్లగా, "త్రినాథ్ ఎప్పుడైనా ఫ్యాక్టరీలో పనిచేశాడా?"

అడిగిన తీరులోనే ఉంది, అవునంటే చాలు అని. నేను నోరు తెరిచాను. ఈలోపే అమ్మ అంది:

"ఎల్లేవోడమ్మా. సివర్లో ఎల్లేవోడు. అన్నకి సాయం."

మేడం ఊపిరి వదిలింది. గబగబా పెన్ను తీసి ప్రూఫు అంచున రాయడం మొదలెట్టింది. "చివరి నెలల్లో అన్నతో పాటు జీడి ఫ్యాక్టరీలో... మరి మొదటి తొమ్మిదింటిలో గీతలు ఉండి, తర్వాత పోయాయి అంటే... అవును, సరిపోతుంది..."

అమ్మ రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుని నేల చూస్తోంది. నన్ను కాపాడడానికి చెప్పింది. తెలుసు. ఇన్నేళ్లూ ఊరంతా చెప్పుకోవడానికి ఆవిడకి ఉన్నది ఒక్క మాట. దాన్ని తీసి నా కోసం పారేసింది. ఇక అది అచ్చవుతుంది. నా తమ్ముడి వేళ్లకి జీడి అంటిందని, తెలుగులో ఒకసారి, ఇంగ్లీషులో ఒకసారి.

మరి నేను బడి మానేసింది దేనికి? ఇరవై ఏడేళ్లు నా చర్మం ఒలుచుకున్నది దేనికి? వాడు ఫ్యాక్టరీ గుమ్మం తొక్కలేదన్న ఒక్క సంగతీ నేను చేసిన పని. నా బతుకులో ఇంకో పని లేదు. దాన్ని పెన్నుతో కొట్టేస్తున్నారు, నా కళ్లెదుట.

ఇంత భయంలోనూ కాళ్లు కదిలాయి. మంచం దగ్గర వంగి, ప్యాడు మీద బొటనవేలు నొక్కి, అమ్మ వేసిన మూడు మచ్చల పక్కన నాలుగోది వేశాను. నల్లటి మచ్చ. మధ్యలో తెల్ల గీటు.

"ఆడు ఎల్లలేదు మేడం. ఒక్క రోజు కూడా ఎల్లలేదు. అమ్మ అబద్ధం సెప్పింది. ఆ బొమ్మ నాను ఏసాను."

"అప్పన్నా!" అంది అమ్మ.

"ఊరుకో అమ్మా. తొమ్మిదీ ఆడివే మేడం. ఒట్టు. పదోది నాది. ఆడికి ఒక్క పేరా రాత్తామన్నారు గదా. అందుకు ఏసాను. పోలీసోలకి సెప్తే సెప్పండి. ఆ తొమ్మిదీ తియ్యకండి."

మేడం పెన్ను మూత పెట్టింది. నా వేలిని చూసింది. నన్ను చూడలేదు. లేచి ఫోను తీసుకుని బయటికి వెళ్లింది.

గుమ్మంలోంచి చూస్తూ నిలబడ్డాను. కొబ్బరిచెట్ల కింద అటూ ఇటూ నడుస్తూ మాట్లాడుతోంది. ఇంగ్లీషు. ఒకసారి గట్టిగా అరిచింది. ఒకసారి చాలాసేపు విన్నది. ఆ ఇరవై నిమిషాల్లో నేను త్రినాథ్ ఫోటో వైపు తిరగలేదు. డాక్టరు రిపోర్టు కోసం బెంచీ మీద కూర్చున్న రోజుల్లో కూడా అంత భయపడలేదు. అప్పుడు చెడ్డవార్తకి కారణం నేను కాదు.

వచ్చి గుమ్మం బయటే నిలబడింది.

"తొమ్మిదీ ఉంటాయి" అంది. "ఎనిమిది పేజీల అధ్యాయం ఐదు అవుతుంది. పదో చిత్రం తీసేయమన్నాను. ఆ పేజీ తెల్లగా వదిలేసి, కింద 'పదో ఇల్లు, వేయలేదు' అని వేస్తారు. నా చివరి పేరా కూడా తీసేయాలి. నేను రాసిన వాటిలో మంచి పేరా అది అప్పన్నగారూ. మీరు నన్ను మోసం చేశారు."

"ఔనండి."

"ప్రెస్సుకి వెళ్లాక చెప్పి ఉంటే నా పని ఏమయ్యేది?"

"తెలదండి. మీరు భయపడ్డం సూసాను."

ఆవిడ కొత్త అనుమతి కాగితం మీద అమ్మ చేత ఒక మచ్చ వేయించుకుని సంచి సర్దుకుంది. తెల్ల కాగితానికి కూడా కింద ఒక మాట వేస్తే దాన్నీ చూసేవాళ్లుంటారు కాబోలు. పుస్తకాల వాళ్ల సంగతి నాకు తెలీదు. వెళ్లేటప్పుడు అడిగాను, ఎలా అడిగానో నాకే తెలీదు.

"ఆ తీసీసిన పేరా ఉన్న పేజీ నాకు ఇచ్చీండి మేడం."

ప్రూఫులోంచి ఆ ఒక్క కాగితం లాగి నా చేతిలో పెట్టి కారెక్కింది. పెట్టేటప్పుడు నా వేలు తగలకుండా పెట్టింది.

కారు మలుపు తిరిగాక అమ్మ పలక తీసి గోడకి చేరేసింది.

"నా నోరు పడిపోను. ఆడు ఎల్లాడనేసినాను."

"తీయించీసాను గదమ్మా."

"ఆ కాయితంలో ఏటుంది? సదువు."

"త్రినాథ్ గురించే."

"నాకు గుడ్డితనం రాలేదురా. ఆ ఏలు ఎవలిదో నాకు తెల్దేటి? సదువు."

అరుగు మీద కూర్చున్నాను. ఏడో తరగతి చదువు, కూడబలుక్కుంటూ మొదలెట్టాను. "పదో ఇంటికి వచ్చేసరికి... గీతలు లేవు..." అమ్మ మోకాళ్లు దగ్గరికి లాక్కుని వింటోంది. 'ధైర్యంగా' అన్న మాట దగ్గర ఆగాను.

"ఏటయింది?" అంది.

"ఏటీ లేదు."

"అక్కణ్ణుంచి మళ్లీ సదువు."